ముక్కు లేని ప్రాణుల శ్వాసరంధ్రాలు: వెతకడం, లెక్కపెట్టడం, పనిచేస్తుండగా చూడడం

బొద్దింక తలలో ఎంత వెతికినా ఊపిరి పీల్చే రంధ్రం కనిపించదు. దాని నోరు తినడానికే. గాలి వెళ్ళే దారులు ఒంటి పక్కల వరసగా, అటొకటి ఇటొకటి చొప్పున ఉంటాయి. ఇసుకకు ఆని చదునుగా ఉండే టేకు చేపకు (రే) కంటి వెనక, దోమ పిల్లకు తోక కొసన, నత్తకు కుడి పక్కన, సాలీడుకు పొట్ట కింద. ఒంట్లో ఏ భాగం గాలికో శుభ్రమైన నీటికో తేలిగ్గా అందుతుందో రంధ్రం అక్కడే ఉంటుంది. అందుకే భూతద్దం పట్టుకునే ముందు ఒక ప్రశ్న వేసుకోవాలి: ఈ ప్రాణి ఎక్కడ, ఏ భంగిమలో బతుకుతుంది? ఈ ప్రశ్నకు జవాబు దొరికితే వెతుకులాట సగం పూర్తయినట్టే.

కావలసినవి

10 రెట్లు పెద్దది చేసి చూపే భూతద్దం, పక్కనుంచి వెలుగు వేయడానికి చిన్న టార్చి, సన్నని మొనలున్న ఫోర్సెప్స్, చిన్న కత్తెర, కుంచె, 15 నుంచి 20 మిల్లీమీటర్ల వెడల్పున్న గాజు పరీక్షనాళికలు, తెల్లటి పళ్ళెం, సెకన్లు చూపే గడియారం. 20 నుంచి 40 రెట్ల స్టీరియో మైక్రోస్కోపు ఉంటే పని బాగా సులువవుతుంది. గొట్టాల లోపలి నిర్మాణం చూడాలంటే 100 నుంచి 400 రెట్లు చూపే మామూలు మైక్రోస్కోపు, స్లైడ్లు, కవర్‌స్లిప్‌లు, గ్లిజరిన్ కావాలి.

వెలుగును నేరుగా పైనుంచి వేయకండి. మెరిసే కవచం మీద వెలుగు చెదిరిపోయి రంధ్రం అంచు మాయమవుతుంది. టార్చిని పక్కకు వాల్చి పట్టుకుంటే ఆ అంచు నీడ పడి గుంట స్పష్టంగా తేలుతుంది. చాలామంది మొదటిసారి ఏమీ కనబడలేదంటారు. కారణం దాదాపు ఎప్పుడూ వెలుగే.

మొదటి పాఠం: విడిచిన కుబుసం

బతికున్న పురుగుతోనో చచ్చిన పురుగుతోనో మొదలుపెట్టకండి. బొద్దింకో, సికాడానో, తూనీగ పిల్లో విడిచిన కుబుసం సంపాదించండి. ఏ ప్రాణికీ హాని ఉండదు, కదలదు, కుళ్ళదు. పైగా బతికున్న పురుగులో కనిపించనిది ఇందులో కనిపిస్తుంది.

వీపు మీద చీలిన చోటు నుంచి కుబుసం లోపలికి వెలుగు వేసి చూడండి. పక్క గోడల నుంచి తెల్లటి దారపు పోగులు వేలాడుతుంటాయి. వాటిని నరాలనో బూజనో అనుకుంటారు. నిజానికి అవి వాయునాళాల లోపలి పొర. వాయునాళమంటే బయటి చర్మం రంధ్రం దగ్గర లోపలికి మడిచి గొట్టంలా సాగినదే. అందుకే పురుగు చర్మం మార్చినప్పుడల్లా ఊపిరి గొట్టాల పెద్ద శాఖల లోపొరను కూడా ఆ రంధ్రాల గుండా బయటికి లాగేసుకుంటుంది. ఒక్కో తెల్ల పోగు ఎక్కడ గోడకు అతుక్కుందో అక్కడ బయటివైపు తప్పకుండా ఒక శ్వాసరంధ్రం ఉంటుంది.

కుబుసాన్ని స్లైడు మీదికి ఎక్కించే పద్ధతి ఇది:

1. గోరువెచ్చని నీటిలో గిన్నెలు తోమే ద్రవసబ్బు ఒక చుక్క కలిపి, కుబుసాన్ని 30 నిమిషాలు నానబెట్టండి. పొడిగా ఉండగా తాకితే పెళుసుగా విరుగుతుంది.
2. వీపు మధ్యగీత వెంట కత్తిరించి, పుస్తకం తెరిచినట్టు రెండు వైపులా పరచండి. పక్కల్లో కోయకండి. రంధ్రాలున్నది అక్కడే.
3. ఒక రంధ్రం, దాని చుట్టూ 3 మిల్లీమీటర్ల చర్మం, దానికి వేలాడే తెల్ల పోగు, ఈ మూడూ కలిసి వచ్చేలా చిన్న ముక్క కత్తిరించండి.
4. ముదురు రంగు కుబుసమైతే 10 శాతం పొటాషియం హైడ్రాక్సైడ్ ద్రావణంలో ఒక రాత్రి ఉంచండి. లేత కుబుసానికి ఈ మెట్టు అక్కర్లేదు.
5. నీటిలో రెండు మూడుసార్లు కడిగి, రెండు చుక్కల వెనిగర్ కలిపిన నీటిలో 5 నిమిషాలు ఉంచి, మళ్ళీ కడగండి.
6. స్లైడు మీద గ్లిజరిన్ చుక్క వేసి, ముక్కను బయటివైపు పైకి ఉండేలా పరచి, కవర్‌స్లిప్‌ను ఒక అంచు నుంచి మెల్లగా దించండి. ఒక్కసారిగా వదిలితే గాలి బుడగలు చిక్కుకుంటాయి. కొత్తవాళ్ళు గుండ్రటి ఆ బుడగలనే రంధ్రాలనుకుంటారు.

పొటాషియం హైడ్రాక్సైడ్ చర్మాన్నీ కళ్ళనూ కాల్చేస్తుంది. చేతి తొడుగులు, కంటి అద్దాలు తప్పనిసరి. 100 మిల్లీలీటర్ల ద్రావణానికి 10 గ్రాములు సరిపోతుంది. ఎప్పుడూ దాన్నే కొద్దికొద్దిగా నీటిలో వేయాలి, దాని మీద నీళ్ళు పోయకూడదు. మంట మీద నేరుగా వేడి చేస్తే ఒక్కసారిగా చిమ్ముతుంది. పిల్లలు చేస్తున్న పనైతే నాలుగో మెట్టు పూర్తిగా వదిలేయండి.

100 రెట్ల దగ్గర రంధ్రం చుట్టూ గట్టి వలయం కనిపిస్తుంది. దాన్ని పెరిట్రీమ్ అంటారు. పురుగును బట్టి దాని లోపల దుమ్మును ఆపే వెంట్రుకలు ఉంటాయి. ఇప్పుడు స్లైడును తెల్ల పోగు వైపు జరిపి 400 రెట్లకు వెళ్ళండి. గొట్టం గోడలో సన్నని తీగ చుట్లుచుట్లుగా, స్ప్రింగులా తిరిగి ఉంటుంది. ఇల్లు ఊడ్చే వాక్యూమ్ గొట్టంలో ఉండే తీగ పనే ఇదీ చేస్తుంది: గొట్టం వంగినా నొక్కుకుపోకుండా నిలబెడుతుంది. ఫోకస్ చక్రాన్ని కొంచెం కొంచెంగా తిప్పితే చుట్టు పైభాగం, కిందిభాగం ఒకదాని తర్వాత ఒకటి తేలతాయి. ఈ దృశ్యం కోసం ఎంత ఓపిక పట్టినా తక్కువే.

పట్టుపురుగు ఒంట్లో ఈ రంధ్రాలనూ గొట్టాలనూ ఇటలీ శాస్త్రవేత్త మార్చెల్లో మాల్పీగీ 1669లోనే వివరంగా వర్ణించాడు. ఆయన దగ్గరున్న పరికరాల కంటే ఇప్పుడు బడిలో దొరికే మైక్రోస్కోపు చాలా మెరుగు.

ఏ పురుగులో ఎన్ని, ఎక్కడ

లెక్క మొదలుపెట్టే ముందు పురుగు పక్క బొమ్మ గీసి ఖండాలకు అంకెలు వేసుకోండి. అంకెలు లేకుండా లెక్కపెడితే ఒకే రంధ్రాన్ని రెండుసార్లు లెక్కించడం మామూలే.

బొద్దింకకు 10 జతలు. రెండు జతలు ఛాతీలో, ఎనిమిది పొట్టలో. ఛాతీవి పెద్దవి, ఖండాల మధ్య మెత్తటి చర్మంలో ఉంటాయి. చచ్చిన బొద్దింకలో కాళ్ళ మొదళ్ళను పక్కకు లాగి పట్టుకుంటే కనిపిస్తాయి. పొట్ట మీదివి చిన్నవి, వీపు పలకలకూ కింది పలకలకూ మధ్య మడతలో దాక్కుంటాయి. కుంచె పిడితో పొట్టను కొద్దిగా నొక్కితే మడత విచ్చుకుని బయటపడతాయి. మూసుకునే తీరులోనూ తేడా ఉంది. ఛాతీ రంధ్రాలకు బయటే పెదవుల్లాంటి మూతలుంటే, పొట్ట రంధ్రాలు లోపలివైపు నొక్కుకుని మూసుకుంటాయి. అందుకే పొట్ట రంధ్రం పైనుంచి ఎప్పుడూ తెరిచే ఉన్నట్టు కనిపిస్తుంది.

మిడతకూ 10 జతలే. మధ్య కాలు మొదలు పైన ఉండే రెండో జత రంధ్రం కళ్ళెదుటే తెరుచుకుని మూసుకోవడం చూడొచ్చు. పొట్ట మొదటి ఖండంలో మాత్రం జాగ్రత్త. అక్కడ కనిపించే పెద్ద గుండ్రటి పొర చెవి, శ్వాసరంధ్రం కాదు. అసలు రంధ్రం దాని ముందు అంచు పక్కన చిన్నగా ఉంటుంది.

గొంగళిపురుగు అన్నిటికంటే తేలిక. చాలా రకాల్లో పక్కన చుక్కలు పెట్టినట్టు 9 జతల అండాకారపు మచ్చలు కనిపిస్తాయి. ఛాతీ మొదటి ఖండంలో ఒకటి, తర్వాత రెండు ఖండాలు ఖాళీ, ఆపైన పొట్టలో 1 నుంచి 8 వరకు ఖండానికొకటి. రెక్కలు మొలవబోయే ఖండాలే ఆ ఖాళీ ఖండాలు. లెక్క 11 వచ్చిందంటే రంగు మచ్చల్ని కూడా కలిపేశారన్నమాట.

పేడపురుగులూ ఇతర పెంకుపురుగులూ పైనుంచి చూస్తే ఏమీ చూపవు. వాటి పొట్ట రంధ్రాలు గట్టి రెక్కల కింద ఉంటాయి. రెక్క ఎత్తితేనే కనబడతాయి. నీటిలో మునిగే పెంకుపురుగులు ఆ రెక్కల కిందే గాలి నింపుకుని మునుగుతాయి. రంధ్రాలు ఆ గాలి గదిలోకే తెరుచుకుంటాయి.

ఈగ పిల్ల దగ్గర దాదాపు అందరూ పొరబడతారు. దాని మొద్దు కొసన రెండు గోధుమరంగు బిళ్ళలుంటాయి. అవి కళ్ళనీ, అది తలనీ అనుకుంటారు. అది వెనక భాగం. ఆ బిళ్ళలు శ్వాసరంధ్రాలు. తల సన్నని కొసన ఉంటుంది. కుళ్ళే పదార్థంలో తలదూర్చి తినే ప్రాణికి గాలి అందేది వెనక కొసకే. ఒక్కో బిళ్ళలో ఉన్న చీలికలు లెక్కపెడితే వయసు తెలుస్తుంది: రెండో దశలో 2, మూడో దశలో 3. ఇంటి ఈగ మూడో దశ చీలికలు వంకరటింకరగా ఉంటాయి, మాంసపు ఈగలవి తిన్నగా ఉంటాయి. శవం మీద ఈగ పిల్లల దశను గుర్తించడానికి నేర పరిశోధనలో దీన్నే చూస్తారు. నమూనా నిలవ చేయాలంటే దాదాపు 80 డిగ్రీల వేడినీటిలో అర నిమిషం ముంచి, తర్వాత 80 శాతం ఆల్కహాలులో వేయండి. బతికుండగానే ఆల్కహాలులో వేస్తే ముడుచుకుపోయి నల్లబడుతుంది, చీలికలు లెక్కకు అందవు.

జెర్రుల్లో రంధ్రాలు పక్కల, కొన్ని ఖండాలకే ఉంటాయి. ఇళ్ళలో తిరిగే పొడుగుకాళ్ళ జెర్రికి మాత్రం వీపు మధ్యలో ఒంటిగా ఉంటాయి. రోకలిబండకు కాళ్ళ మొదళ్ళ దగ్గర, అడుగున. బోర్లా తిప్పకుండా వెతికితే దొరకవు.

ఇది శ్వాసరంధ్రమేనా?

అనుమానం వచ్చిన ప్రతి గుంతకూ నాలుగు ప్రశ్నలు వేయండి. ఎడమా కుడీ జతగా ఉందా? పక్క ఖండాల్లో అదే ఎత్తున మళ్ళీ వస్తోందా? చుట్టూ గట్టి అంచు ఉందా? లోపల గొట్టం మొదలవుతోందా? చివరిది తప్ప మిగతావన్నీ మోసం చేయొచ్చు. వెంట్రుక మొదళ్ళు, వాసన గ్రంథుల ద్వారాలు కూడా జతలుగా, వరసగా ఉంటాయి. గొట్టం ఉంటేనే తీర్పు ఇవ్వండి.

గొట్టం చూడాలంటే తాజాగా చచ్చిన బొద్దింక మేలు. ఫ్రీజర్‌లో ఒక రోజు ఉంచి, బయటికి తీసిన కొద్ది గంటల్లో, నీళ్ళు నింపిన పళ్ళెంలో కోయండి. గాలితో నిండిన నాళాలు నీటిలో వెండి తీగల్లా మెరుస్తాయి. ఆల్కహాలులో నిలవ ఉంచిన పురుగులో ఇవి కనిపించవు. ద్రవం గొట్టాల్లోకి చేరి గాలిని తరిమేస్తుంది, మెరుపు పోతుంది. పురుగులో నాళాలే లేవని రాసుకునే ముందు అది ఎలా నిలవ చేసిందో అడగండి.

పనిచేస్తుండగా చూడడం

మిడతను ఫ్రిజ్‌లో దాదాపు 4 డిగ్రీల దగ్గర 10 నిమిషాలు ఉంచితే నెమ్మదిస్తుంది. ఫ్రీజర్ వద్దు. పరీక్షనాళికలోకి మార్చి, మూతికి దూది పెట్టి, గది వేడికి రావడానికి 15 నిమిషాలు ఆగండి. చలి నాళిక మీద చెమ్మ పట్టి చూపు మసకబారుతుంది, అందుకని నాళికను మాత్రం ఫ్రిజ్‌లో పెట్టకండి.

పొట్ట పైకీ కిందికీ నొక్కుకుంటూ ఉబ్బుతూ ఉంటుంది. 30 సెకన్లలో ఎన్నిసార్లో లెక్కపెట్టండి. ఐదుసార్లు లెక్కపెట్టి సగటు తీయండి. ముందు జతల నుంచి గాలి లోపలికి వెళ్ళి వెనక జతల నుంచి బయటికి వస్తుంది కాబట్టి, అన్ని రంధ్రాలూ ఒకేసారి తెరుచుకోవు.

ఇప్పుడు స్ట్రా పెట్టి నాళికలోకి మెల్లగా ఒక ఊపిరి వదలండి. మన ఊపిరిలో దాదాపు 4 శాతం కార్బన్ డయాక్సైడ్ ఉంటుంది. బయటి గాలిలో అది 0.04 శాతమే. నిమిషం లోపే పొట్ట కదలిక పెరుగుతుంది, రంధ్రాలు బార్లా తెరుచుకుంటాయి. అయితే గాలి ఊదిన అదురుకు కూడా మిడత కంగారు పడుతుంది. కాబట్టి రబ్బరు బుడ్డితో మామూలు గాలి అంతే బలంగా ఊది విడిగా లెక్కించాలి. ఈ పోలిక లేకుండా రాసిన ఫలితం చెల్లదు. అయ్యాక దూది తీసి 10 నిమిషాలు మంచి గాలి తగలనిచ్చి, మిడతను వదిలేయండి.

రంధ్రాలు ఎప్పుడూ తెరిచి ఉంచితే ఒంట్లో నీరు ఆవిరైపోతుంది. మూసే ఉంచితే ప్రాణవాయువు చాలదు. కీటకం బతుకంతా ఈ రెంటి మధ్య బేరమే. చిమ్మటల ప్యూపాలు కొన్ని గంటల తరబడి రంధ్రాలు బిగించి ఉంచి, ఒక్కసారి తెరిచి పోగుపడిన కార్బన్ డయాక్సైడ్‌ను వదిలేస్తాయి. కదలిక కనిపించనంత మాత్రాన చచ్చిందనుకుని పారేయకండి. అసలు కదలికే లేకుండా గాలి ఎలా అందుతుందన్న ప్రశ్నకు 1920లో డెన్మార్క్ శాస్త్రవేత్త ఆగస్ట్ క్రోగ్ లెక్కలు కట్టి చూపాడు: చిన్న కీటకాల్లో వాయువు గొట్టంలో తనంతట తాను వ్యాపించడమే సరిపోతుంది.

నీటి పైపొరకు వేలాడేవి

గాజు గ్లాసులో దోమ పిల్లలు తీసుకోండి. క్యూలెక్స్ పిల్ల తోక దగ్గరి శ్వాసనాళికను నీటి పైపొరకు ఆనించి, తలకిందులుగా ఏటవాలుగా వేలాడుతుంది. అనాఫిలిస్‌కు ఆ నాళిక లేదు. పైపొర కిందే సమాంతరంగా పడుకుంటుంది. గ్లాసును తట్టితే అన్నీ మునిగిపోతాయి. మళ్ళీ పైకి వచ్చేటప్పుడు కొస నీటి పొరను చీల్చే క్షణాన్ని భూతద్దంతో పట్టుకోండి. కవాటాలు పువ్వులా విచ్చుకుంటాయి, నీరు లోపలికి రాదు.

దానికి కారణం తలతన్యత. రంధ్రం అంచు నీటిని అంటనివ్వదు, నీటి పొర అక్కడ గట్టిగా సాగి నిలుస్తుంది. 25 డిగ్రీల దగ్గర శుభ్రమైన నీటి తలతన్యత మీటరుకు 72 మిల్లీన్యూటన్లు. సబ్బు దాన్ని సగానికి పైగా తగ్గిస్తుంది. సబ్బు నీరు చల్లితే మెత్తటి పురుగులు చావడానికి ఇదొక ముఖ్య కారణం, నీటి మీద నూనె పొర దోమ పిల్లల్ని చంపడం కూడా ఈ దారినే. పనైపోయాక ఆ నీళ్ళను పొడి నేల మీద పారబోయండి. వారం ఉంచితే దోమలు ఎగిరిపోతాయి.

చేపలు

లీటరు గాలిలో దాదాపు 280 మిల్లీగ్రాముల ప్రాణవాయువు ఉంటుంది. 20 డిగ్రీల మంచినీటిలో అది 9 మిల్లీగ్రాములే, 30 డిగ్రీలకు ఏడున్నరకు పడిపోతుంది. అందుకే చేప నీటిని నోట్లోంచి మొప్పల మీదుగా ఆగకుండా ఒకే దిశలో పారిస్తుంది. చేప ముక్కు దగ్గరి రంధ్రాలు వాసనకే గాని ఊపిరికి కావు.

గోల్డ్‌ఫిష్‌ను గాజు తొట్టిలో 15 నిమిషాలు కుదురుకోనివ్వండి. మొప్ప మూత ఎన్నిసార్లు తెరుచుకుందో 15 సెకన్లు లెక్కించి నాలుగుతో హెచ్చించండి. నీరు పారే దారి చూడాలంటే తొట్టి నీటిలోనే తినే రంగు కొద్దిగా కలిపి, డ్రాపర్‌తో నోటి ముందు ఒక చుక్క వదలండి. రంగు నోట్లోకి వెళ్ళి మొప్ప మూత వెనక నుంచి మేఘంలా వస్తుంది. కొళాయి నీళ్ళు నేరుగా పోయకండి, క్లోరిన్ మొప్పల్ని దెబ్బతీస్తుంది.

వంటకు తెచ్చిన చేప దొరికితే మొప్ప మూత ఎత్తి, ఒక్కో పక్క నాలుగు మొప్ప విల్లులు (మొప్పలను మోసే వంపు ఎముకలు) లెక్కపెట్టండి. మొండి పుల్లను నోట్లోంచి పెట్టి విల్లుల మధ్య నుంచి బయటికి తీస్తే దారి అర్థమవుతుంది.

సొరచేపకు మూత ఉండదు. పక్కన సాధారణంగా 5 చీలికలు, కొన్ని జాతుల్లో 6 లేదా 7. వీటికి తోడు చాలా రకాల్లో కంటి వెనక చిన్న రంధ్రం ఒకటి ఉంటుంది. పిండంలో దవడ విల్లుకూ దాని వెనక విల్లుకూ మధ్య ఉండే మొట్టమొదటి చీలిక కుంచించుకుని మిగిలింది ఇదే. వేగంగా ఈదే సొరల్లో చాలావాటికి ఇది బాగా చిన్నదై ఉంటుంది, లేదా అసలే ఉండదు. టేకు చేపకు మాత్రం ఇదే ప్రాణాధారం. దాని నోరు, మొప్ప చీలికలు అడుగున ఇసుకకు ఆని ఉంటాయి. అందుకని వీపు మీద కంటి వెనకున్న పెద్ద రంధ్రాల నుంచి నీరు పీల్చి, అడుగున 5 జతల చీలికల నుంచి వదులుతుంది. చచ్చిన టేకు చేపలో ఆ రంధ్రం నుంచి పుల్ల దూర్చండి, నోటి గదిలోకి వస్తుంది.

బిచిర్ అనే ఆఫ్రికా చేప తల పైనున్న ఇలాంటి రంధ్రాలతో నేరుగా గాలే పీల్చుకుంటుంది. మనుషుల్లో మధ్య చెవి గది, దాన్ని గొంతుతో కలిపే గొట్టం ఏర్పడేది కూడా పిండంలో ఇదే మొదటి చీలికకు లోపలివైపు ఉండే సంచి నుంచి.

మిగతావి

నత్తను గాజు పలక మీద పాకనిచ్చి, గుల్ల అంచు కింద కుడి పక్క చూడండి. ఐదు నిమిషాల ఓపిక ఉంటే గుండ్రటి రంధ్రం తెరుచుకుని మూసుకోవడం కనిపిస్తుంది. ఎడమవైపు మెలితిరిగిన గుల్ల అయితే ఎడమ పక్క వెతకాలి.

సాలీడును పారదర్శకమైన డబ్బాలో ఉంచి కింది నుంచి చూడండి. పొట్ట ముందు భాగంలో రెండు లేత పలకలు, వాటి వెనక అంచున చీలిక. లోపల ఆకులు పేర్చినట్టుండే పుస్తకాకార ఊపిరితిత్తి ఉంటుంది. టారాంటులాలనే పెద్ద సాలీళ్ళకు ఇవి రెండు జతలు. తేలుకు పొట్ట కింద నాలుగు జతల చీలికలు. దాన్ని మాత్రం బతికుండగా చేత్తో తిప్పే ప్రయత్నం చేయకండి, విడిచిన కుబుసంలోనే లెక్కపెట్టుకోండి.

తోకకప్పకు చాలా జాతుల్లో ఒంటి ఎడమ పక్కన ఒకే ఒక చిన్న గొట్టం ఉంటుంది. చేపకు వాడిన రంగు చుక్కే ఇక్కడా పనిచేస్తుంది: నోటి దగ్గర వదిలితే ఎడమ నుంచి వస్తుంది. కుడి పక్క ఎంతసేపు చూసినా రాదు. కొన్ని జాతుల్లో ఆ గొట్టం పొట్ట కింద మధ్యలో ఉంటుంది కాబట్టి, రంగు ఎక్కడా కనిపించకపోతే గ్లాసును ఎత్తి అడుగు నుంచి చూడండి.